మామయ్య చేలో తీసిన సినిమా

ప్రశ్న:

అక్కా, నమస్తే. మాది గుంటూరు. నాకు 27 ఏళ్ళు. విజయవాడ గవర్నర్‌పేటలో పెళ్ళి వీడియోలు తీసే స్టూడియోలో అయిదేళ్ళుగా కెమెరా, ఎడిటింగ్ చేస్తున్నాను. పోయినేడు మాఘంలో, ప్రత్తిపాడు వైపు మా మామయ్య మిరప చేలో కోతకు వచ్చిన వలస కూలీల మీద 11 గంటల ఫుటేజీ తీశాను. వాళ్ళది కర్నూలు జిల్లా కోసిగి. చేల గట్ల మీద పట్టలు కప్పుకున్న గుడిసెలు, బడి మానేసి వచ్చిన పిల్లలు, చివర్లో అందరూ లారీ ఎక్కి వెళ్ళిపోవడం, అన్నీ ఉన్నాయి. కోసి చూస్తే 40 నిమిషాలు వచ్చింది. ఫెస్టివల్స్‌కి పంపమని ఫ్రెండ్స్ అంటున్నారు. ఈ సంక్రాంతి తర్వాత అవే కుటుంబాలు మళ్ళీ వచ్చాయి. ఒక పెద్దావిడ 'పోయినేడు తీసినావు కదా నాయనా, మాకు సూపియ్యలేదే' అంది. నాకు నోట మాట రాలేదు. ఇలాంటి అట్టడుగు జనం గురించి డాక్యుమెంటరీలు తీస్తూ బతకాలని నా కోరిక. 'అది అన్నం పెట్టే పనేనా' అంటారు నాన్న. పుణె వెళ్ళి చదవాలా? వాళ్ళకి డబ్బులివ్వాలా? వాళ్ళ మనిషిని కాని నేను వాళ్ళ కథ చెప్పొచ్చా? చాలా టెన్షన్‌గా ఉంది.

జవాబు:

తమ్ముడూ,

నువ్వడిగినవన్నీ కాసేపు పక్కన పెడదాం. ఆ పెద్దావిడ అడిగిందే అసలు ప్రశ్న. దానికి జవాబు వెతికితే నీ ప్రశ్నల్లో చాలావాటికి దారి దొరుకుతుంది.

ఉత్తరంలో నువ్వు ఆగకుండా దాటేసిన ముక్క ఒకటుంది. 'మా మామయ్య మిరప చేలో.' నేను అక్కడ ఆగిపోయాను. నువ్వు కెమెరా భుజాన వేసుకుని ఆ చేలో దిగినప్పుడు వాళ్ళకు కనబడింది డైరెక్టర్ కాదు, ఆసామి మేనల్లుడు. కోసిన కాయకు కాటా వేసి కూలి లెక్క కట్టేది మీ మామయ్య. తాగే నీళ్ళు ఆయన బోరువి. గుడిసె వేసుకున్న గట్టు ఆయన చూపించింది. వచ్చే ఏడు కోతకు పిలవాలన్నా ఆయనే పిలవాలి. అలాంటి చోట 'అమ్మా, తీసుకోనా?' అని నువ్వు ఎంత మర్యాదగా అడిగినా 'వద్దు నాయనా' అనే వీలు వాళ్ళకెక్కడిది? తల ఊపి ఉంటారు, నవ్వి ఉంటారు, నీకు టీ కాచి ఇచ్చి కూడా ఉంటారు. దాన్ని ఒప్పుకోవడం అని నేను అనలేను. నీ మనసు మంచిదే, అందులో నాకు అనుమానం లేదు. కానీ ఆ చేలో నీ మనసుకంటే మీ మామయ్య బోరుకే బలం ఎక్కువ.

ఈ సంగతి మన తెలుగు ఆడవాళ్ళే ఎప్పుడో కనిపెట్టారు. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో, అప్పటి మెదక్ జిల్లాలో, డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అనే స్వచ్ఛంద సంస్థ సంఘాల్లోని దళిత మహిళలు కెమెరా నేర్చుకుని సొంతంగా సినిమాలు తీశారు. వాళ్ళలో బడి ముఖం చూడనివాళ్ళూ ఉన్నారు. 2008లో సంఘం రేడియో మొదలైందీ ఆ చుట్టుపక్కలే. వాళ్ళు షాట్లకు తమ బతుకులోంచే పేర్లు పెట్టుకున్నారు. పైనుంచి కిందికి చూసేది పటేల్ షాట్, దొర కింద కూర్చున్న మనిషిని చూసే చూపు. కళ్ళకు కళ్ళు సమానంగా ఉండేది సంఘం షాట్, ఎందుకంటే సంఘంలో అందరూ ఒకే ఎత్తులో కూర్చుంటారు. నువ్వు గుడిసె ముందు గొంతుక్కూర్చుని కెమెరాను ఆ పెద్దావిడ కళ్ళ ఎత్తులోనే పెట్టి ఉండొచ్చు. కానీ కూర్చున్నది మామయ్య గట్టు మీద. అందుకే అది పటేల్ షాటే అయింది.

ఇది చెప్పే అర్హత నాకు ఎలా వచ్చిందో కూడా చెప్పాలి. చాలా ఏళ్ళ కిందట విజయవాడ కొండ ఇళ్ళ మీద ఒక అరగంట సినిమా తీశాను. గుణదల, మొగల్రాజపురం, చిట్టినగర్ వైపు కొండలు నువ్వు చూసే ఉంటావు. వంద మెట్లెక్కితే గానీ ఇల్లు రాదు. పంపు వదిలే వేళ కోసం తెల్లవారుజామునే బిందెలు వరసలో ఉంటాయి. అక్కడ ఒకామెతో నాలుగు నెలల స్నేహం. ఒక మధ్యాహ్నం బిందె తోముతూ, భర్త కొట్టే దెబ్బల గురించి చెప్పింది. కెమెరా నడుస్తోందని ఆమెకు తెలుసు. కాగితం మీద వేలిముద్ర కూడా వేసింది. ఆ కాగితం ఇంగ్లిష్‌లో ఉంది. సినిమా ఒక చానెల్లో వచ్చింది. ఆమె కూతురికి సంబంధం కుదరబోతున్న ఇంట్లో ఎవరో చూశారు. సంబంధం తప్పిపోయింది. నేను మళ్ళీ మెట్లెక్కి వెళితే ఆమె గడప దగ్గరే నిలబెట్టింది. 'నిన్ను నమ్మి నీకు చెప్పుకున్నా. ఊరందరికీ చెప్పమన్నానా?' అంది. ఆ అయిదు నిమిషాలు తీసేసి ఉంటే సినిమాకు ఏమీ అయ్యేది కాదు. చానెల్‌కు ఇచ్చేముందు ఒక్కసారి ఆ మెట్లెక్కి, టీవీలో ఏం రాబోతోందో ఆమెకు చూపించి ఉంటే, ఏది ఉంచాలో ఏది తీయాలో ఆమే చెప్పేది. గడువు దగ్గరపడిందని వెళ్ళలేదు. ఇన్నేళ్ళయినా ఆ గడప కళ్ళ ముందునుంచి పోలేదు. అప్పటినుంచి, ఎవరి మీద తీశానో వాళ్ళ ఇంట్లో ముందు చూపించకుండా ఒక్క సినిమా కూడా బయటికి పంపలేదు.

అందుకని ముందు నువ్వు కోసిగి వెళ్ళాలి. ఫెస్టివల్ ఫారాలు ఆ తర్వాత నింపొచ్చు.

ప్రత్తిపాడులోనే ఒక సాయంత్రం తెర కట్టి చూపిస్తే పోదా అనుకోవచ్చు. చూపించు, తప్పులేదు, ఆ పెద్దావిడ అడిగింది కదా. కానీ అక్కడ మళ్ళీ మామయ్య కుర్చీ వేసుకుని ముందు వరసలో కూర్చుంటారు. వాళ్ళు నోరు విప్పరు. కోసిగిలో అలా కాదు. అక్కడ ఇల్లు వాళ్ళది, వీధి వాళ్ళది. నువ్వు ఊరికి కొత్తవాడివి, భోజనం వేళకు ఎవరో పిలిస్తే తినాల్సినవాడివి. అక్కడ వాళ్ళు నిన్ను పొమ్మనగలరు. పొమ్మనగలిగిన చోట రమ్మంటేనే ఆ మాటకు విలువ.

గుంటూరు నుంచి నంద్యాల, డోన్ మీదుగా గుంతకల్లు చేరి, అక్కడ రాయచూరు వైపు వెళ్ళే బండి ఎక్కితే ఆదోని దాటాక కోసిగి వస్తుంది. ఆషాఢంలో వెళ్ళు. నీకు పెళ్ళిళ్ళు ఉండవు, వాళ్ళు వానాకాలం సేద్యానికి ఊళ్ళోనే ఉంటారు. ఒక తెల్ల దుప్పటి, చిన్న ప్రొజెక్టరు, మాట స్పష్టంగా వినిపించే స్పీకరు ఉంటే చాలు. ముందు వీధిలో పెట్టకు. ఎవరెవరు సినిమాలో ఎక్కువగా కనిపిస్తారో వాళ్ళకు విడివిడిగా, ఇంట్లో చూపించు. వీధిలో పదిమంది మధ్య 'ఇది తీసెయ్' అనడం ఎవరికైనా కష్టం.

అడిగేటప్పుడు కూడా మన మాటల్లో అడుగు. 'ఇది ఫోన్‌లో ఎవరైనా చూడొచ్చు, మీ వియ్యంకులు చూడొచ్చు, మళ్ళీ ఏడు పిలిచే ఆసామి చూడొచ్చు, పర్వాలేదా?' అను. వియ్యంకుల మాట ఎత్తగానే మనుషులు నిజంగా ఆలోచిస్తారు, నేను చాలాసార్లు చూశాను. కాగితం రాసుకుంటే తెలుగులో రాసి, చదివి వినిపించి, ఒక ప్రతి వాళ్ళకివ్వు. పిల్లల విషయంలో ఇంకా జాగ్రత్త. బడికి పోవాల్సిన పిల్ల మిరపకాయలు కోస్తున్న షాట్ చూసి జనం కంటతడి పెడతారు, నిజమే. కానీ ఎవరైనా అధికారి చూస్తే ముందు నిలదీసేది ఆ తల్లినే. ముఖం తెలియకుండా, చేతులు మాత్రమే చూపినా ఆ విషయం అర్థమవుతుంది.

ఒకవేళ వద్దంటే? అందరూ కలిసి 'ఇది బయట చూపించొద్దు' అంటే? చూపించకు. పెన్‌డ్రైవ్‌లో వేసి వాళ్ళకు ఒకటి ఇచ్చి వచ్చెయ్. ఏడాది శ్రమ పోయిందని బాధగా ఉంటుంది, ఉండదని నేను అబద్ధం చెప్పను. అయితే నా అనుభవంలో మొత్తం వద్దన్నవాళ్ళు చాలా తక్కువ. ఒకటి రెండు చోట్ల తీసెయ్యమంటారు, 'ఇది కూడా పెట్టు' అని పది చోట్ల చెబుతారు. ఆ పది చోట్ల వల్లే సినిమా బాగుపడుతుంది.

ముందు వాళ్ళకే చూపించడం నా చాదస్తం అనుకోకు. కెనడాలో న్యూఫౌండ్‌లాండ్ తీరాన ఫోగో అనే దీవి ఉంది, అంతా చేపలవేట మీద బతికే ఊళ్ళు. వాళ్ళను అక్కడినుంచి తరలించాలని ప్రభుత్వం ఆలోచిస్తున్న రోజుల్లో, 1967లో, అక్కడి నేషనల్ ఫిల్మ్ బోర్డు దర్శకుడు కోలిన్ లో (Colin Low) వెళ్ళి చిన్న చిన్న సినిమాలు తీశాడు. వాటిని మొదట చూసింది ఆ దీవి జనమే. ఎవరి ఊళ్ళో వాళ్ళు ఉండిపోయినవాళ్ళు పక్క ఊరివాళ్ళ మాట తెర మీద విని, అందరిదీ ఒకటే బాధని గుర్తించారు. మంత్రులూ అధికారులూ చూసింది ఆ తర్వాతే. జాలర్లు సహకార సంఘం పెట్టుకున్నారు, దీవి ఖాళీ కాలేదు. అంతా సినిమాల వల్లే జరిగిందనను. కానీ తమ మాట తమకు వినిపించడం అందులో ఒక పని చేసింది.

దీనికి రెండో వైపు కూడా ఉంది. ఉత్తరప్రదేశ్ బుందేల్‌ఖండ్‌లో గ్రామీణ మహిళలు, ముఖ్యంగా దళిత మహిళలు నడిపే 'ఖబర్ లహరియా' వార్తా సంస్థ మీద తీసిన డాక్యుమెంటరీ 2022లో ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్ళింది. ఆ వేడుకకు ముందే, ఆ సినిమా తమ కథలో ఒక ముక్కనే చూపిందని, ప్రధానంగా ఒకే పార్టీ గురించి రాసే సంస్థలా తమను చూపడం సరికాదని ఆ సంస్థ ప్రకటన ఇచ్చింది. ఆ దర్శకులు ఏళ్ళు కష్టపడి తీసినవాళ్ళే, వాళ్ళను తప్పుపట్టడం నా ఉద్దేశం కాదు. నేను ఆలోచించేది ఇంకొకటి. వాళ్ళు జర్నలిస్టులు, కలం చేతిలో ఉన్నవాళ్ళు, కాబట్టి ప్రకటన ఇవ్వగలిగారు. కోసిగి పెద్దావిడ ఏ ప్రకటన ఇస్తుంది? 'మాకు సూపియ్యలేదే' అంది, అంతే. ఆమె ఇవ్వగలిగిన ప్రకటన అదే.

ఇక నీ సినిమా చివర. లారీ ఎక్కి వెళ్ళిపోతారు, దుమ్ము లేస్తుంది, పేర్లు పడతాయి. అవునా? బాగుంటుంది చూడ్డానికి. కానీ అక్కడ ముగిసింది మన కోత, వాళ్ళ ఏడాది కాదు. మన పాత గుంటూరు జిల్లా చరిత్రే చూడు. చుండూరులో 1991 ఆగస్టు 6న 8 మంది దళితులను చంపారు. బాధితుల పోరాటం వల్ల ఊళ్ళోనే ప్రత్యేక కోర్టు పెట్టారు. 2007లో 21 మందికి యావజ్జీవ శిక్ష పడింది. ఆ రోజుతో ముగించి ఎవరైనా సినిమా తీసి ఉంటే, న్యాయం జరిగిందనే చూపించేవారు. 2014లో హైకోర్టు అందరినీ నిర్దోషులని వదిలేసింది. ఎక్కడ ఆపాలో తొందరపడి తేల్చుకుంటే ఎంత తప్పు చెబుతామో అది చూస్తే తెలుస్తుంది.

కోసిగి వెళ్ళాక నీకు ఇంకొకటి కనబడుతుంది. ప్రత్తిపాడులో కూలీలుగా కనిపించిన ఆ కుటుంబాల్లో కొందరికి అక్కడ రెండెకరాలో మూడెకరాలో మెట్ట ఉంటుంది. వాన పడితే వాళ్ళూ రైతులే. ఎద్దుల గురించి, విత్తనం గురించి, బాకీల గురించి మీ మామయ్య ఎలా మాట్లాడతారో వాళ్ళూ అలాగే మాట్లాడతారు. నీ 40 నిమిషాల్లో ఆ మనిషి లేడు. పట్ట గుడిసె ఉంది, మాసిన పిల్లవాడు ఉన్నాడు. అట్టడుగు అనే మాట మనం అక్కడే తెచ్చుకుంటాం. బాపట్ల దగ్గర స్టువార్టుపురం సంగతి నీకు తెలియంది కాదు. బ్రిటిష్ వాళ్ళు నేరస్థ జాతుల చట్టం పేరుతో ఎరుకల కుటుంబాలను సెటిల్‌మెంట్లో పెట్టారు. ఆ చట్టం 1952లో రద్దయింది. ఊరి పేరు చెబితే మనుషులు చూసే చూపు మాత్రం రద్దు కాలేదు, అందులో మన సినిమాలకూ పత్రికలకూ వాటా ఉంది. అక్కడ చదువుకుని ఉద్యోగాలు చేస్తున్నవాళ్ళ వైపు కెమెరాలు ఎప్పుడో గానీ తిరగలేదు. ఒకసారి తెర మీద పడిన ముద్రను ఆ మనిషి మనవడు కూడా మోస్తాడు.

వాళ్ళ మనిషివి కాని నువ్వు చెప్పొచ్చా అన్నావు. చెప్పొచ్చు, నువ్వెవరో దాచకుండా చెబితే. మొదటి నిమిషంలోనే నీ గొంతుతో 'ఇది మా మామయ్య చేను' అను. మామయ్యనూ కూర్చోబెట్టి మాట్లాడించు. పురుగుమందులకు, కోతకు ఎంత పెట్టారో, మిర్చి యార్డులో టిక్కీలు (మిరప బస్తాలు) దించాక ధర చూసి ఎలా కూలబడ్డారో ఆయన చెబుతారు. అప్పుడు ఎవరూ విలన్‌ కారు, అలాగని ఎవరూ తప్పించుకోరు కూడా. ఇంకో పని చెయ్యి. ఆ కుటుంబాల్లో ఫోన్ పట్టుకుని వీడియోలు తీసే కుర్రవాడో అమ్మాయో తప్పకుండా ఉంటారు. కోసిగి భాగం వాళ్ళతో కలిసి తియ్యి, పేరు నీ పేరు పక్కన వెయ్యి, జీతం ఇవ్వు. రేపు ఆ అమ్మాయే తన ఊరి సినిమా తాను తీస్తుంది, నీకంటే బాగా తీస్తుంది.

డబ్బు సంగతి. మాట చెప్పినందుకు రేటు కట్టకు, అప్పుడు నీకు నచ్చే మాటలే దొరుకుతాయి. కానీ కాయ కోతలో కూలి కోసినంతే. నీ ఇంటర్వ్యూ కోసం ఒకామె గంటసేపు కూర్చుంటే ఆ గంట కూలి పోయినట్టే. అది ఇచ్చి తీరాలి. పోయినేడు ఇవ్వలేదనుకుంటే ఇప్పుడు లెక్క వేసి ఇవ్వు. రేపు సినిమాకు ఏదైనా బహుమతి డబ్బు వస్తే అందులో ఎంత వాళ్ళదో ఇప్పుడే, కోసిగిలోనే, అందరి ముందూ మాట్లాడుకో.

నాన్నగారి ప్రశ్న తీసిపారేసేది కాదు. నాకు తెలిసిన డాక్యుమెంటరీవాళ్ళలో ఆ ఒక్క పనితో ఇల్లు నడిపేవాళ్ళు దాదాపు లేరు. ఒకరు పాఠాలు చెబుతారు, ఒకరు ఎడిటింగ్ చేస్తారు, ఒకరు కంపెనీలకు సినిమాలు తీసిపెడతారు. ఆనంద్ పట్వర్ధన్ 'జై భీమ్ కామ్రేడ్' మీద 14 ఏళ్ళు పనిచేశారు. అన్నేళ్ళు ఒక విషయం వెంట ఉండాలంటే వేరే చోటినుంచి అన్నం రావాలి. కాబట్టి స్టూడియో మానకు. ఆషాఢం, పుష్యం, మూఢాలు వచ్చిన రోజులు నీవి. మాఘం ఒక్కటే ఇబ్బంది, కోతలూ ముహూర్తాలూ ఒకేసారి వస్తాయి. ఆ నెలలో వారానికి రెండు రోజులు వదలమని మీ ఓనరుతో ముందే మాట్లాడుకో. స్వచ్ఛంద సంస్థల సినిమాలు కూడా వస్తాయి, చెయ్యి, కానీ వాళ్ళకు విజయగాథ కావాలి, నీకు మనిషి కావాలి. ఆ రెండూ కలిపేయకు.

పెళ్ళి పని నీకు ఒక గొప్ప గుణం నేర్పింది. తలంబ్రాలు రెండోసారి పోయరు, ఆ క్షణాన్ని పట్టుకోవడం నీకు వచ్చు. కానీ ఒక లోటు కూడా పెట్టింది. పెళ్ళి వీడియోలో మాటలు తీసేసి పాట వేస్తాం కదా, అందుకే శబ్దం మీద మనకు శ్రద్ధ ఉండదు. నీ 11 గంటల్లో గాలి హోరు ఎంత, మాట ఎంత, ఒకసారి కళ్ళు మూసుకుని విను. ఈ పనిలో బొమ్మ కాస్త మసకగా ఉన్నా జనం భరిస్తారు, మాట వినపడకపోతే లేచిపోతారు. కొత్త కెమెరా కొనకు. మంచి కాలర్ మైకు, గాలి హోరు ఆపే బొచ్చు తొడిగిన ఇంకో మైకు, చెవులకు హెడ్‌ఫోను కొనుక్కో. పాట మాత్రం వేయకు. కోతలో ఆ ఆడవాళ్ళు పాడుకునే పాటలు ఉంటే అవి వాళ్ళను అడిగి పెట్టు.

పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ (ఎఫ్‌టీఐఐ), ఢిల్లీలో జామియా మాస్ కమ్యూనికేషన్ సెంటర్ మంచివే. వెళ్ళే వీలుంటే వెళ్ళు, వీలుకాకపోతే ఆగిపోకు. సినిమా పూర్తయ్యాక చూపించడానికి తిరువనంతపురంలో కేరళ వాళ్ళ డాక్యుమెంటరీ ఉత్సవం, ముంబై ఉత్సవం ఉన్నాయి. పీపుల్స్ ఆర్కైవ్ ఆఫ్ రూరల్ ఇండియా అనే వెబ్‌సైట్ ఇలాంటి పల్లె కథలను తెలుగులో కూడా ఇస్తుంది, అక్కడివి చదువు. హాలు తీసుకుని పబ్లిక్‌గా వేయాలంటే డాక్యుమెంటరీకి కూడా సెన్సార్ సర్టిఫికెట్ కావాలి, మర్చిపోకు.

నాన్నగారిని కోసిగి తీసుకెళ్ళగలవా? ఆయనకు నువ్వు చేసే పని ఏమిటో చెబితే అర్థం కాకపోవచ్చు. దుప్పటి తెర ముందు నేల మీద కూర్చుని, ఆ జనంతోపాటు చూస్తే అర్థం కావచ్చు.

ఆషాఢానికి ఇంకా నెలలున్నాయి. అప్పటిదాకా ఆ పెద్దావిడను ఎదురు చూడనివ్వకు. 11 గంటల్లో ఆమె నవ్వుతున్న ఫ్రేము ఒకటి తియ్యి, మనవళ్ళతో ఉన్నది ఇంకొకటి తియ్యి. మీ స్టూడియోలోనే పెద్ద సైజులో ప్రింట్ వేయించి, లామినేషన్ చేయించు, పట్ట గుడిసెలో తడవకుండా ఉంటుంది. ఈ ఆదివారం ప్రత్తిపాడు వెళ్ళి ఇచ్చిరా. కెమెరా తీసుకెళ్ళకు.